చీమల సినిమాయేగా అని వదిలెయ్యకండి

1974లో వచ్చిన 'ఫేజ్ ఫోర్'ని ఇప్పటికీ చాలామంది "ఆ చీమల సినిమానా" అని తీసిపారేస్తారు. చాలా అన్యాయం. అసలు కొంప ముంచింది పోస్టరే. అరచేతిని తొలుచుకుని బయటికొస్తున్న చీమ బొమ్మ వేసి, మనుషుల్ని పీక్కుతినే రాకాసి చీమల సినిమాలా అమ్మారు. ఇందులో రాకాసి చీమ ఒక్కటీ లేదు. అన్నీ మామూలు సైజు చీమలే, భయమంతా అందులోనే ఉంది.

దర్శకుడు సాల్ బాస్. 'వెర్టిగో', 'సైకో' టైటిల్స్ చేసినాయన. పూర్తి నిడివి సినిమా తీసింది ఇదొక్కటే. అరిజోనా ఎడారిలో రకరకాల జాతుల చీమలు తమలో తాము కొట్లాట మానేసి ఒక్కటవుతాయి. వాటి సంగతేంటో తేల్చుకుందామని ఇద్దరు శాస్త్రవేత్తలు గుమ్మటం లాంటి ల్యాబులో మకాం వేస్తారు.

విషం సీను కోసమైనా చూడండి. వాళ్లు పసుపుపచ్చ మందు చల్లుతారు. ఒక చీమ ఆ మందు పలుకొకటి పట్టుకుని పుట్టలోకి ఈడుస్తూ దారిలోనే చచ్చిపోతుంది. వెనకున్న చీమ అందుకుంటుంది, అదీ చస్తుంది. ఇంకోటి అందుకుంటుంది. అలా అలా పలుకు రాణి దాకా చేరుతుంది. రాణి దాన్ని తిని గుడ్లు పెడుతుంది. ఆ పుట్టే చీమల్ని ఇక ఆ మందు ఏమీ చేయలేదు. ఇదంతా ఒక్క మాట లేకుండా అర్థమవుతుంది.

ఈ చీమల షాట్లు తీసింది కెన్ మిడిల్‌హామ్. అదెంత కష్టమో లెక్క చూడండి. చీమ అసలు సైజులోనే ఫిల్ము మీద పడాలంటే, ఎఫ్/16 పెట్టిన లెన్సు ఎఫ్/32లా పనిచేస్తుంది (ఈ అంకె పెరిగేకొద్దీ ఫిల్ముకి అందే లైటు తగ్గుతుంది). అంటే నాలుగు రెట్లు లైటు కావాలి. అంత చేసినా ఫోకస్‌లో నిలిచేది దాదాపు ఒకటిన్నర మిల్లీమీటరే. చీమ కాస్త ఇటు జరిగితే తల మసక. దగ్గరికెళ్లేకొద్దీ ఇంకా ఘోరం.

మనుషుల నటన బిగుసుకుపోయినట్టే ఉంటుంది, ల్యాబులో తలదాచుకునే అమ్మాయి కెండ్రా పాత్రని సరిగ్గా రాయలేదు. ఒప్పుకుంటాను. కానీ ల్యాబు చుట్టూ అద్దాల్లా మెరిసే దిబ్బలు కట్టి, ఎండనంతా దాని మీదికే తిప్పి, వేడికి కంప్యూటర్లు పనిచేయకుండా చేసే ఆ ఎత్తు ముందు అవేవీ గుర్తుకు రావు. చలిచీమల చేత చిక్కిన పాము మనకి కొత్తేం కాదు. ఇక్కడ ఆ పాము మనిషి.

బాస్ తీసిన అసలు ముగింపుని స్టూడియో కోసేసింది. చీమల ఏలుబడిలో మనిషి ఏమవుతాడో మాటల్లేకుండా బొమ్మల్లోనే చూపించిన ముక్క అది. 2012లో లాస్ ఏంజెలెస్‌లో మళ్లీ తెర మీదికొచ్చింది. ముందు 84 నిమిషాల సినిమా చూడండి, ఆ ముక్క తర్వాత. ఫోన్లో మాత్రం వద్దు. చచ్చిన చీమల్ని మిగతావి వరసలుగా పేర్చే షాటు చిన్న తెర మీద చుక్కల్లా కనిపిస్తుంది.