రవ్వ ముగ్గులు, స్థలకాలం, ఒక వాట్సాప్ వీడియో

కొన్ని నెలలుగా ఒక వీడియో మళ్ళీ మళ్ళీ నా ఫోనుకు వస్తోంది. లోహపు పళ్ళెం మీద ఇసుక చల్లి, కింద నుంచి శబ్దం పెడతారు. ఇసుక చకచకా కదిలి ముగ్గులా సర్దుకుంటుంది. అంతవరకు నిజమే, ఎన్నిసార్లు చూసినా తనివి తీరదు. తర్వాత వ్యాఖ్యానం మొదలవుతుంది. ప్రతి శబ్దానికీ ఒక సొంత ఆకారం ఉందని, ఓంకారం పలికితే శ్రీచక్రం ఏర్పడుతుందని, 432 హెర్ట్జ్ విశ్వం శ్రుతి అని, సూర్యుడి ఓంకారాన్ని నాసా రికార్డు చేసిందని, చివరికి ఈ ఆకారాలే స్థలకాలాన్ని, అంటే స్థలమూ కాలమూ కలిసిన అల్లికను (స్పేస్-టైమ్), మలుస్తాయని. ఇంటర్ చదివే మా మేనకోడలు "మావయ్యా, ఇది ఫిజిక్సే అయితే మా పుస్తకంలో ఎందుకు లేదు?" అని అడిగింది. తనకు చెప్పిన జవాబునే ఇక్కడ రాస్తున్నాను.

ముందు పళ్ళెం సంగతి. ఇది కొత్తగా బయటపడిన రహస్యం కాదు. 1680లో ఇంగ్లండులో రాబర్ట్ హుక్ గాజు పలక మీద పిండి చల్లి, అంచుకు వయొలిన్ కమాను రాసి ఈ గీతలు చూశాడు. 1787లో జర్మనీకి చెందిన ఎర్నెస్ట్ క్లాడ్ని వీటిని బొమ్మలతో సహా పుస్తకంగా వేశాడు. 1809లో నెపోలియన్ ముందు చేసి చూపాడు. దీని వెనక గణితం చెప్పినవారికి అప్పుడే బహుమతి ప్రకటించారు. 1816లో దాన్ని గెలిచింది సోఫీ జెర్మేన్ అనే మహిళ. శబ్దంతో ఇలా ఏర్పడే ఆకారాల అధ్యయనానికి సైమాటిక్స్ అనే పేరు మాత్రం 1960లలో స్విట్జర్లాండ్ డాక్టరు హాన్స్ యెన్నీ పెట్టింది.

కంపించే పళ్ళెం కొన్నిచోట్ల ఎగిరెగిరి పడుతుంది. కొన్ని గీతల వెంబడి అసలు కదలదు. ఎగిరే చోట నిలవలేని రేణువులు కదలని గీతల మీదికి చేరతాయి. ఆ గీతలు ఎక్కడ పడాలో తేల్చేది పళ్ళెం ఆకారం, మందం, లోహం, దాన్ని ఎక్కడ బిగించామన్నది. అదే స్వరానికి చదరపు పళ్ళెం ఒక బొమ్మ ఇస్తే, గుండ్రటిది ఇంకొకటి ఇస్తుంది. అప్పుడు ఆ స్వరం "అసలు ఆకారం" ఏది?

ఇంకా గట్టి సాక్ష్యం ఉంది. పళ్ళెం మీద బొంబాయి రవ్వ చల్లండి, కదలని గీతల మీద చేరుతుంది. ముఖానికి రాసుకునే పౌడరు లాంటి అతి మెత్తటి పొడి చల్లండి, అది బాగా ఎగిరే చోటే కుప్పపడుతుంది. ఒకే పళ్ళెం, ఒకే శబ్దం, రెండు ఎదురెదురు బొమ్మలు. 1831లోనే మైకెల్ ఫారడే దీనికి కారణం చెప్పాడు. పళ్ళెం పైన గాలి చిన్న చిన్న సుడులుగా తిరుగుతుంది. బరువైన రేణువును అది కదపలేదు, తేలికైన పొడిని లాక్కుపోతుంది. బొమ్మ శబ్దంలోనే దాగి ఉంటే, పొడి మార్చగానే తిరగబడకూడదు కదా.

ఇక శ్రీచక్రం. గుండ్రటి పళ్ళెం మీద ఏర్పడే గీతలు ప్రధానంగా రెండు రకాలు: ఒకే కేంద్రం చుట్టూ వలయాలు, ఆ కేంద్రం గుండా పోయే వ్యాసాలు. తొమ్మిది త్రికోణాలు, నాలుగు పైకి, ఐదు కిందికి చూస్తూ, ఒకదాన్ని ఒకటి కోసుకుని 43 చిన్న త్రికోణాలవడం ఆ గీతలతో కుదిరే పని కాదు. పైగా ఓం ఒకే స్వరం కాదు. అ, ఉ, మ అని సాగుతుంటే నోరు మారుతుంది, ధ్వని మారుతుంది, మనిషికీ మనిషికీ శ్రుతి వేరు. శ్రీచక్రం గీసేవాళ్ళను అడగండి. మూడు గీతలు కలిసే మర్మస్థానాలు అన్నీ సరిగ్గా కుదరడానికి ఎంత లెక్క, ఎంత ఓపిక కావాలో చెబుతారు. అది మనిషి బుద్ధితో, చేతితో సాధించిన జ్యామితి. స్పీకరు పెడితే దానంతట అదే వచ్చేస్తుందనడం నాకు బాధ కలిగిస్తుంది, ఆ పనితనం మన పెద్దలదే కనుక.

ఈ విద్యలో మనకు గర్వపడే కథ కావాలంటే నిజమైనదే ఉంది. విశాఖపట్నంలో చిన్నతనం గడిపిన సి.వి. రామన్ మృదంగం తోలు మీద ఇసుక చల్లి, అది ఎలా కంపిస్తుందో చూశాడు. మామూలు డప్పు మోతలో లేని స్వరం మృదంగంలో ఎందుకు పలుకుతుందో 1934లో రాశాడు. మధ్యలోని నల్ల పూత వల్ల తొమ్మిది రకాల కంపనాలు ఐదు స్వరాలుగా ఒదుగుతాయి. ఆ పూత వేసిన పనివాళ్ళు ఏ సమీకరణమూ రాయలేదు, చెవితోనే సాధించారు.

432 విషయం చిన్నదే. హెర్ట్జ్ అంటే సెకనుకు ఎన్ని కంపనాలని. సెకను అనేది రోజును 86,400 భాగాలు చేసి మనుషులు పెట్టుకున్న కొలత. విశ్వానికి దాంతో పని లేదు. మన సంగీతంలోనైతే ఒకరు ఒకటిన్నర శ్రుతిలో, ఇంకొకరు ఐదున్నర శ్రుతిలో పాడతారు. షడ్జమం ఎక్కడ పెట్టుకోవాలో గొంతే చెబుతుంది.

సూర్యుడు కంపిస్తాడు, నిజమే. ఒక్కో ఊపుకు దాదాపు ఐదు నిమిషాలు. మన చెవికి సెకనుకు కనీసం 20 ఊపులు కావాలి. కాబట్టి ఆ కొలతలను వేల రెట్లు వేగం పెంచి వినిపిస్తారు. అలా వచ్చిన హోరులో ఓం వినిపించడం వినేవారి భక్తి.

మిగిలింది స్థలకాలం. ఇక్కడే ఒక నిజం వంకరగా తిరిగింది. స్థలకాలంలో అలలు లేస్తాయి. 2015 సెప్టెంబరు 14న ఆ అలలను పట్టడానికే అమెరికాలో కట్టిన లైగో అనే భారీ పరికరాలు వాటిని మొదటిసారి పట్టాయి. మన పొరుగున మహారాష్ట్ర హింగోలి జిల్లాలోనూ అలాంటిదాన్ని కట్టబోతున్నారు. ఆ సంకేతాన్ని స్పీకరులో వేసి వినిపించడంతో, శబ్దమే స్థలకాలాన్ని ఊపిందని చాలామంది అనుకున్నారు. శబ్దానికి గాలో నీళ్ళో లోహమో కావాలి. ఈ అలలు శూన్యంలోనే 130 కోట్ల సంవత్సరాలు ప్రయాణించి వచ్చాయి. వాటిని లేపింది రెండు కృష్ణబిలాల ఢీ. మూడు సూర్యుల ద్రవ్యరాశి శక్తిగా మారిపోయింది. అంత జరిగినా, లైగోలో లేజర్ కాంతి సాగే నాలుగు కిలోమీటర్ల గొట్టం (దాన్ని "చేయి" అంటారు) పొడవు ఇక్కడ మారింది ప్రోటాన్ వెడల్పులో వందో వంతు కన్నా తక్కువ.

ఇప్పుడు మన గొంతు లెక్క చూద్దాం. గట్టిగా పలికితే సుమారు ఒక మిల్లీవాట్ ధ్వని శక్తి వస్తుంది. గంటసేపు ఆపకుండా పలికితే 3.6 జౌళ్ళు. ఐన్‌స్టీన్ సూత్రం ప్రకారం కాంతి వేగం వర్గంతో భాగిస్తే, ఆ మొత్తం శక్తికి సమానమైన ద్రవ్యరాశి, పది మైక్రోగ్రాముల సన్న ఇసుక రేణువులో 25 కోట్లవ వంతు. స్థలకాలాన్ని వంచేది ద్రవ్యరాశి, శక్తులే కాబట్టి, ఆ పళ్ళెం మీద పడి ఉన్న ఒక్క ఇసుక రేణువే గంటసేపటి శబ్దం కన్నా కోట్ల రెట్లు ఎక్కువగా దాన్ని వంచుతోంది.