ఒక కప్పు, ఇరవై ఏడు తెడ్లు

కప్పులు ఎక్కువ గెలిచిన క్లబ్బుల చరిత్ర రాయడం గుమాస్తా పని. ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్‌లో కాలింగ్‌వుడ్, కార్ల్‌టన్, ఎసెండన్ క్లబ్బులకి తలా 16 ప్రీమియర్‌షిప్‌లు ఉన్నాయి. సంవత్సరం వేసి, పక్కన ఓడిన జట్టు పేరు రాస్తే సరిపోతుంది. మెల్‌బోర్న్ సముద్రం ఒడ్డునున్న సెయింట్ కిల్డా క్లబ్ సంగతి అలా కాదు. 1873లో పుట్టి, 1897లో విక్టోరియన్ ఫుట్‌బాల్ లీగ్ మొదలైన రోజు నుంచీ ఆడుతూ, ఆ క్లబ్ సాధించిన ప్రీమియర్‌షిప్‌లు అక్షరాలా ఒకటి. అది 1966లో. 2025 సీజన్ కూడా ముగిసింది, అంకె కదల్లేదు. ఇలాంటిదానికి చరిత్ర సరిపోదు, స్థలపురాణం రాయాలి.

పురాణమన్నాక పేరుతో మొదలుపెట్టాలి. ఈ జట్టుని సెయింట్స్ అంటారు, అంటే పుణ్యపురుషులు. చిక్కేమిటంటే కిల్డా అనే పుణ్యపురుషుడు ఎప్పుడూ లేడు. స్కాట్లాండ్ దగ్గర ఆ పేరుతో కొన్ని దీవులున్నాయి. వాటి పేరు ఒక ఓడకి పెట్టారు. ఆ ఓడ 1840ల మొదట్లో ఇక్కడికొచ్చి లంగరు వేస్తే దాని పేరు ఈ పేటకి పెట్టారు. పేట పేరు క్లబ్‌కి వచ్చింది. అంటే ఇన్నేళ్ళుగా వేలమంది అభిమానులు లేని దేవుడికి ముడుపులు కడుతున్నారు. మొక్కు తీరలేదని ఎవరి మీద కోప్పడాలి?

ఆట గురించి రెండు ముక్కలు. కోడిగుడ్డు ఆకారంలో మైదానం, దాదాపు అదే ఆకారంలో బంతి, జట్టుకి 18 మంది. చివర నాలుగు స్తంభాలుంటాయి. మధ్య రెండింటి నడుమ నుంచి బంతిని తంతే గోల్, ఆరు పాయింట్లు. గురి తప్పి పక్క సందులోంచి పోతే బిహైండ్ అంటారు, దానికి ఒక పాయింటు. పరీక్షలో తప్పు జవాబు రాసినవాడికి, పోనీలే పాపం, సరైన గడి పక్క గడే కదా నింపాడు అని ఒక మార్కు వేసినట్టు. ప్రపంచంలో ఇంత పెద్ద మనసున్న ఆట ఇంకోటి లేదని నా నమ్మకం. ఈ దయామయమైన ఒక్క పాయింటు మీదే సెయింట్ కిల్డా బతుకంతా నడిచింది. ఎగతాళి చేసేవాళ్ళు ఇది గమనించరు.

లీగ్‌లో మొదటి మూడేళ్ళు, 1897 నుంచి 1899 వరకు, వాళ్ళు ఆడిన ప్రతి మ్యాచూ ఓడిపోయారు. వరసగా 48. ఒకటో రెండో పొరపాటున గెలుస్తాం ఎవరమైనా. 48 సార్లు పొరపాటు జరగకుండా చూసుకోవడానికి క్రమశిక్షణ కావాలి. 1900 సీజన్ తొలి మ్యాచ్‌లో ఆ క్రమశిక్షణ సడలి, మెల్‌బోర్న్ జట్టుతో ఆట సమానంగా ముగిసింది. అంతటితో ఊరుకోక మనవాళ్ళు ఫిర్యాదు చేశారు. క్వార్టర్ (ఆటలో పావు భాగం) ముగిసే గంట మోగాక మెల్‌బోర్న్‌కి ఒక బిహైండ్ లెక్క కట్టారని తేలి, ఆ పాయింటు కొట్టేశారు. అలా సెయింట్ కిల్డా మొట్టమొదటి గెలుపు కాగితం మీద, ఒక్క పాయింటు తేడాతో వచ్చింది.

లీగ్‌లో ఆఖరి స్థానంలో నిలిచిన జట్టుకి చెక్క గరిటె దక్కిందని అక్కడ మాటవరసకి అంటారు. మన లెక్కలో తెడ్డు అనుకోండి. ఈ క్లబ్ ఖాతాలో 27 తెడ్లున్నాయి. ఇంకే క్లబ్‌కీ అన్ని లేవు. పెద్ద పెళ్ళికి వంటశాల మొత్తం సిద్ధంగా ఉంది, కప్పు మాత్రం ఒక్కటే, అందరూ ఎంగిలి పడాలి.

అలాగని ఆటగాళ్ళు చేతకానివాళ్ళేం కాదు. లీగ్‌లో ఉత్తమ ఆటగాడికి ఏటా ఇచ్చే బ్రౌన్లో మెడల్ ఈ క్లబ్ వాళ్ళకి పదిసార్లు వచ్చింది. 1957, 58, 59లో వరసగా ముగ్గురు వేర్వేరు సెయింట్స్ గెలిచారు. ఆ మూడేళ్ళూ జట్టు, సీజన్ చివర పై జట్లు ఆడే ఫైనల్స్ గడప తొక్కలేదు. పిల్లలందరికీ ఫస్ట్ ర్యాంకులే, ఇంట్లో బియ్యం మాత్రం లేవు. ఆ మూడో మెడల్ కూడా తిన్నగా రాలేదు. 1959లో వెర్డన్ హోవెల్‌కి ఇంకో ఆటగాడితో సమానంగా ఓట్లు వచ్చినా మెడల్ అవతలివాడికే ఇచ్చారు. 30 ఏళ్ళు గడిచాక, 1989లో, పొరపాటు దిద్దుకుని ఈయనకీ ఒకటి ఇచ్చారు. ఈ క్లబ్‌లో వ్యక్తిగత విజయానికి కూడా ప్రాసెసింగ్ టైం ఉంటుంది.

ఇక ఆ శుభదినం. 1966 సెప్టెంబరు 24, మెల్‌బోర్న్ క్రికెట్ గ్రౌండ్. కప్పు ఎవరిదో తేల్చే ఆఖరి మ్యాచ్, గ్రాండ్ ఫైనల్‌లో ఎదుట కాలింగ్‌వుడ్, చుట్టూ 1,01,655 మంది జనం. చివరి నిమిషాల్లో స్కోరు 73-73. అప్పుడు బారీ బ్రీన్ అనే కుర్రాడు బంతిని తన్నాడు. అది ఆయన అనుకున్నట్టు తగల్లేదు. వంకర్లు తిరుగుతూ పోయి, నేల మీద ఎగిరెగిరి పడి, గోల్ సందులోకి కాకుండా పక్క సందులోకి దూరింది. బిహైండ్. 74-73. క్లబ్ చరిత్రలో ఏకైక కప్పు, ఒక గురి తప్పిన దెబ్బతో వచ్చింది. సూటిగా తగిలుంటే ఆరు పాయింట్లు వచ్చేవి, నిజమే. కాని అప్పుడది సెయింట్ కిల్డా అయ్యేది కాదు.

దీనికి వాస్తు కారణం ఉందని నా అనుమానం. 1965లో వాళ్ళు పాత గ్రౌండ్ వదిలి మూరాబిన్‌కి మారారు. గృహప్రవేశం జరిగిన ఏడే గ్రాండ్ ఫైనల్‌కి వెళ్ళి ఎసెండన్ చేతిలో ఓడారు, మరుసటి ఏడు కప్పు. 1992 తర్వాత అక్కడ మ్యాచ్‌లు ఆపేశారు. 2018లో ప్రాక్టీసు మాత్రం మళ్ళీ మూరాబిన్‌కి చేరింది. అంటే సామాను పాతింటికి వచ్చింది, వంట బయటే.

మధ్యలో 1971 గ్రాండ్ ఫైనల్ హాథార్న్ చేతిలో 7 పాయింట్లతో పోయింది. 1997లో సగం ఆట దాకా ముందుండి అడిలైడ్‌కి కప్పు అప్పగించారు. ఆ రోజు తమని ఓడించిన కోచ్ మాల్కమ్ బ్లైట్‌ని 2001లో తమ కోచ్‌గా తెచ్చుకున్నారు, 15 మ్యాచ్‌లు కాగానే పంపేశారు. 2009లో సీజన్ మొదట్లో వరసగా 19 మ్యాచ్‌లు గెలిచారు, ఆఖరున గీలాంగ్ మీద 12 పాయింట్లతో నోటికాడి ముద్ద జారింది.

మరుసటి ఏడు, 2010, మళ్ళీ గ్రాండ్ ఫైనల్. మళ్ళీ కాలింగ్‌వుడ్. చివరి నిమిషాలు, ఒక్క పాయింటు వెనకబడ్డారు. మనవాడు లెన్నీ హేస్ తన్నిన బంతి గోల్ ముందు పడింది. ఇంకో సెయింట్ స్టీఫెన్ మిల్న్ దాని కోసం పరుగెత్తాడు. ఎదురుగా ఖాళీ గోల్. బంతి మామూలుగా ఎగిరితే చాలు, చేతిలోకే. అది పక్కకి ఎగిరి, తీరిగ్గా పక్క సందులోంచి వెళ్ళిపోయింది. బిహైండ్. 68-68. నాలుగు దశాబ్దాల కిందట వంకరగా దొర్లి కప్పిచ్చిన బంతి, అప్పు వసూలుకి వచ్చింది, అదీ అదే జట్టు ముందు.

అప్పటి రూలు ప్రకారం వారం తర్వాత మళ్ళీ ఆడారు, 56 పాయింట్ల తేడాతో ఓడారు. తర్వాత ఆ రూలే తీసేసి, సమానమైతే ఎక్స్‌ట్రా టైం అన్నారు. ఒకే ఏడు రెండు గ్రాండ్ ఫైనల్స్ ఆడి రెండూ గెలవకుండా ఉండే అవకాశం ఇక ఎవరికీ లేదు. ఆ రికార్డు భద్రం.

మా అన్నయ్య కొడుకు మెల్‌బోర్న్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. చేరిన కొత్తలో ఆఫీసులో "నీదే టీం?" అని అడిగారట. అక్కడ అది కులం అడిగినంత సహజం. అంతకు ముందు ఆదివారమే బీచ్‌కి వెళ్ళొచ్చాడు కాబట్టి నోటికొచ్చింది సెయింట్ కిల్డా అన్నాడు. కాసేపు ఎవరూ మాట్లాడలేదట, ఒకాయన టీ తెచ్చిచ్చాడట. ఒకసారి చెప్పాక టీం మార్చుకోవడం అక్కడ మర్యాద కాదు.

మొన్న ఫోన్ చేసి, రెండేళ్ళ కొడుక్కి ఐదేళ్ళ సైజు జెర్సీ కొన్నానన్నాడు. అంత వదులుగా ఎందుకురా అన్నాను.

"అప్పటికి కప్పు వస్తుంది బాబాయ్, ఫోటోకి సరిగ్గా సరిపోతుంది."

పక్క గదిలోంచి మా ఆవిడ వింటోంది. ఇంకాస్త పెద్ద సైజు తీసుకోమని చెప్పండి అంది.