బెల్ అండ్ సెబాస్టియన్ తొంభైల్లోనే ఆగిపోయిందా?

బెల్ అండ్ సెబాస్టియన్ అనే స్కాట్లండ్ పాప్ బ్యాండ్ పేరెత్తితే చాలు, ఎవరో ఒకరు ఈ మాట తెచ్చి పడేస్తారు: "గ్లాస్గోలో ఒక కాలేజీ ప్రాజెక్టు పుణ్యాన గాలివాటంగా పైకొచ్చారు, 1996లో రెండు మంచి ఆల్బమ్‌లు చేశారు, 1999లో దొంగ ఓట్లతో అవార్డు కొట్టారు, గాయని ఇసబెల్ క్యాంప్‌బెల్ వెళ్లిపోయాక పెద్ద ప్రొడ్యూసర్‌కి అమ్ముడుపోయారు, అప్పట్నుంచీ పాత పేరు మీద బండి లాగిస్తున్నారు." దీన్ని పంచుకున్నవాళ్లకి లెక్కలేదు. అందులో నాకు తెలిసిన ఇద్దరిని అడిగితే 2000 తర్వాతి ఆల్బమ్ ఒక్కటీ పూర్తిగా వినలేదని వాళ్లే ఒప్పుకున్నారు. సరే, ఒక్కో ముక్కా చూద్దాం. అక్కడక్కడా నిజం కూడా ఉంది, దాన్నీ దాచను.

ముందు ఆ "గాలివాటం" సంగతి.

బ్యాండ్ పెట్టిన స్టూవర్ట్ మర్డాక్‌కి ఎనభైల చివర్లో క్రానిక్ ఫటీగ్ సిండ్రోమ్ వచ్చింది. నిద్రపోతే తీరే అలసట కాదది, మనిషిని పూర్తిగా కూలేసే జబ్బు. దాదాపు ఏడేళ్లు ఉద్యోగం సద్యోగం లేకుండా గడిచాయి, పాటలు కట్టడం మొదలైంది ఆ ఏళ్లలోనే. కాస్త కోలుకున్నాక, నిరుద్యోగ సంగీతకారుల కోసం నడిచే బీట్‌బాక్స్ అనే ప్రభుత్వ శిక్షణలో చేరితే అక్కడ స్టూవర్ట్ డేవిడ్ తగిలాడు, ఇద్దరూ కలిసి డెమోలు, అంటే నమూనా రికార్డింగులు, చేశారు. ఆ డెమోలు గ్లాస్గోలోని స్టో కాలేజీలో మ్యూజిక్ బిజినెస్ కోర్సు వాళ్ల చెవిన పడ్డాయి. ఈ బ్యాండ్‌లో డ్రమ్స్ వాయించే రిచర్డ్ కోల్‌బర్న్ అదే కోర్సు విద్యార్థి. అక్కడ పాఠం చెప్పే అలన్ రాంకిన్ కూడా మామూలు మాస్టారేం కాదు, అసోసియేట్స్ బ్యాండ్‌లో సగం ఆయనే. ఆ కాలేజీకి ఎలక్ట్రిక్ హనీ అని సొంత రికార్డు లేబుల్ ఉండేది, ఏటా ఒక సింగిల్, అంటే ఒకటి రెండు పాటల రికార్డు, తేవడం వాళ్ల పద్ధతి. వీళ్ల దగ్గర ఒక సింగిల్‌కి మించి పాటలు ఉన్నాయి కాబట్టి ఏకంగా ఆల్బమే తెచ్చారు. మూడు రోజుల్లో రికార్డింగ్, వెయ్యి ఎల్పీలు, 1996 జూన్. అదే టైగర్‌మిల్క్.

ఇందులో అదృష్టం లేదనను, కోల్‌బర్న్ ఆ కోర్సులో లేకపోతే కథ ఇంకోలా ఉండేదేమో. కానీ గాలివాటంగా వచ్చినవాడు అదే ఏడాది నవంబర్‌లో ఇఫ్ యు ఆర్ ఫీలింగ్ సినిస్టర్ లాంటి రెండో ఆల్బమ్ తేలేడు, ఆ మర్నాటి సంవత్సరం మూడు ఈపీలు (కొన్నేసి పాటల చిన్న రికార్డులు) తేలేడు. ఏడేళ్లు మంచం మీద పోగేసుకున్న సరుకు అది, బయటికి రావడానికి తలుపు దొరికింది, అంతే. పైగా ఆ కాలేజీ లేబుల్ తర్వాత స్నో పెట్రోల్, బిఫీ క్లైరో లాంటి పేరున్న బ్యాండ్‌ల తొలినాళ్ల రికార్డులు కూడా వేసింది. వాళ్ల చెవి బాగానే పనిచేసిందన్నమాట.

ఇక దొంగ ఓట్లు. ఈ ఆరోపణ ఎక్కడ పుట్టిందో చాలామందికి తెలీకుండానే పంచుతున్నారు. బ్రిటన్ సంగీత పురస్కారాలైన బ్రిట్ అవార్డుల్లో 1999లో కొత్తగా వచ్చినవాళ్లలో ఉత్తములెవరన్నది జనం ఓట్లతో తేల్చారు. అందరూ స్టెప్స్ అనే పాప్ గ్రూపు గెలుస్తుందనుకున్నారు, బెల్ అండ్ సెబాస్టియన్ గెలిచింది. స్టెప్స్ వెనకున్న ప్రొడ్యూసర్ పీట్ వాటర్‌మన్‌కి కోపం వచ్చింది, ఓట్లలో ఏదో జరిగిందన్నాడు, పేపర్లకి నాలుగు రోజులు మేత దొరికింది. తర్వాత? అవార్డు ఎవరూ వెనక్కి తీసుకోలేదు. ఇంతే కథ. ఓడిన పక్షం చేసిన ఆరోపణ పాతికేళ్లలో తీర్పు అయి కూర్చుంది! నాకైతే ఇందులో వింతేం కనిపించదు. 1999లో కంప్యూటర్ ముందు కూర్చుని పనిగట్టుకుని ఓటేసే తీరికా పిచ్చీ ఉన్నది యూనివర్సిటీ పిల్లలకే, ఆ పిల్లలే ఈ బ్యాండ్‌కి ప్రాణం. అప్పటికే టైగర్‌మిల్క్ ఎల్పీలు వందల పౌండ్లకు చేతులు మారుతున్నాయి. ఆ పిచ్చి ముందు నాలుగు ఓట్లు ఎంత?

నిజానికి ఇక్కడ ఎత్తిచూపాల్సిన విషయం వేరే ఉంది, దాన్ని ఎవరూ పంచుకోరు. అదే 1999 ఏప్రిల్‌లో ఇంగ్లండ్ దక్షిణ తీరాన క్యాంబర్ శాండ్స్‌లో ఒక సెలవు శిబిరాన్ని తీసుకుని, తమకి నచ్చిన బ్యాండ్‌లన్నిటినీ పిలిచి, బౌలీ వీకెండర్ అని పండగ చేశారు. వాయించేవాళ్లూ వినేవాళ్లూ అక్కడే పక్కపక్క గదుల్లో మకాం. ఒక బ్యాండ్ తన అభిరుచితో పండగ మొత్తాన్ని నడపడం అన్న పద్ధతిని పట్టుకునే ఆల్ టుమారోస్ పార్టీస్ అనే సంగీత పండగ పుట్టింది, ఏళ్ల తరబడి నడిచింది. అవార్డు కంటే ఇది పెద్ద పని అని నా లెక్క.

"ఇసబెల్ వెళ్లాక అయిపోయింది" అనేది సగం మనసు మాట, దాంతో వాదించలేం. ఆమె గొంతు, ఆమె చెలో వాయిద్యం నాకూ ఇష్టమే. కానీ ఆమె 2002లో వెళ్లింది. అంతకు రెండేళ్ల ముందు వచ్చిన ఆల్బమ్‌లోనే తడబాటు వినిపిస్తుంది, ఆమె అందులో ఉంది కూడా. అందరూ తలా ఒక పాట తెచ్చి ఇస్తే కుట్టుకుంటూ పోయినట్టు ఉంటుంది అది. అమెరికా దర్శకుడు టాడ్ సాలొండ్జ్ సినిమాకి చేసిన సంగీతం 2002లోనే ఆల్బమ్‌గా వచ్చింది, సినిమాలో మిగిలింది కొద్ది నిమిషాలే. ఆ రెండేళ్లూ బాగోలేవు, ఒప్పుకుంటా. బాగోలేనిది ఆమె వెళ్లడం వల్ల కాదు, ఆమె ఉండగానే.

ఇప్పుడు అసలు గొడవ, "అమ్ముడుపోయారు".

ఎవరికి అమ్ముడుపోయారు? జీప్‌స్టర్ అనే లేబుల్ నుంచి రఫ్ ట్రేడ్‌కి వెళ్లారు, తర్వాత మాటడార్‌కి. రెండూ ఇండీ లేబుళ్లే, అంటే పెద్ద కంపెనీల కింద లేని స్వతంత్ర సంస్థలే. 2003లో డియర్ క్యాటస్ట్రఫీ వెయిట్రెస్‌కి ట్రెవర్ హార్న్‌ని ప్రొడ్యూసర్‌గా తెచ్చుకున్నారు, అదే వీళ్ల నేరం. ఆయన బగల్స్ బ్యాండ్ మనిషి, ఫ్రాంకీ గోస్ టు హాలీవుడ్ అనే బ్యాండ్‌కి ఆ భారీ శబ్దం ఇచ్చినవాడు. దాంతో ఆల్బమ్ తళతళలాడింది, పాత అభిమానుల గుండె గుభేలుమంది. ఇండీ అంటే పల్చగా, కాస్త అపశ్రుతిగా, పక్క గదిలోంచి వినబడుతున్నట్టు ఉండాలని ఒక రూలు పెట్టుకున్నారు కదా. నాకు మాత్రం ఆ ఆల్బమ్ మొదటిసారే హాయిగా ఎక్కింది. సినిమా పాటల్లో వయొలిన్లు గుంపుగా లేస్తుంటే, మధ్యలో ట్రంపెట్ దూరుతుంటే విని పెరిగిన చెవి మనది, మనకి ఇందులో తప్పేం వినిపిస్తుంది? ఇది నా రుచి అనుకున్నా, 2004లో ఉత్తమ ఆల్బమ్‌కి బ్రిటన్‌లో ఇచ్చే మెర్క్యురీ ప్రైజ్ తుది జాబితాలోకి వచ్చింది కూడా ఈ ఆల్బమే.

ఇంకా పెద్ద సంగతి చెప్తాను. జనం దేవుడి పటంలా పూజించే ఆ 1996 నాటి రెండో ఆల్బమ్ ఉంది చూశారూ, దాని రికార్డింగ్ మర్డాక్‌కే తృప్తినివ్వలేదు. పాటలు మంచివే, పట్టిన తీరు బాగోలేదన్నది ఆయన బాధ. అందుకే 2005 సెప్టెంబర్‌లో లండన్ బార్బికన్ హాల్లో ఆల్బమ్ మొత్తాన్నీ మొదటి నుంచి చివరిదాకా మళ్లీ వాయించి, ఆ రికార్డింగ్‌ని విడుదల చేశారు. రెండూ పక్కపక్కన పెట్టి వినండి. తొలినాళ్లలో వీళ్ల కచేరీలంటే చర్చి హాళ్లలో, లైబ్రరీల్లో, ఆలస్యంగా మొదలై, పాటకీ పాటకీ మధ్య తీగలు శ్రుతి చేసుకుంటూ నడిచేవి. 2005 నాటి వాయిద్యంలో ఆ బెదురు లేదు. ఎనిమిది తొమ్మిదేళ్లు కలిసి పనిచేస్తే వచ్చే ఒడుపు అది. దాన్ని అమ్ముడుపోవడం అంటే ఇంక నేర్చుకోవడాన్ని ఏమనాలి?

"మర్డాక్ ఒక్కడే, మిగతావాళ్లు తోడు" అని ఇదే మాటకి తోకగా ఇంకొకటి వస్తుంటుంది. 1998 ఆల్బమ్‌లోనే స్టీవీ జాక్సన్, ఇసబెల్, స్టూవర్ట్ డేవిడ్‌ల పాటలున్నాయి, తర్వాత సారా మార్టిన్ కూడా రాసింది, పాడింది. కవర్ వెనక పేర్లు చదివితే చాలు.

చివరిది, పాత పేరు మీద బండి. 1998 ఆల్బమ్ బ్రిటన్ చార్టులో 12వ స్థానం దాకా వెళ్లింది. లాస్ ఏంజెలెస్ వెళ్లి చేసి 2006లో తెచ్చిన ద లైఫ్ పర్స్యూట్ 8వ స్థానం దాకా, 2010 ఆల్బమ్ కూడా 8 దాకా. పాత పేరు మీద బండి లాగేవాళ్లు చార్టులో ఇంకా పైకి ఎక్కరు కదా. ఆ 2006 జులైలోనే హాలీవుడ్ బౌల్‌లో లాస్ ఏంజెలెస్ ఫిల్‌హార్మోనిక్ ఆర్కెస్ట్రాతో కలిసి వాయించారు, దాదాపు 18,000 మంది పట్టే చోటు, టికెట్లన్నీ అయిపోయాయి. ఒకప్పుడు ఫొటోకి కూడా నిలబడని మనుషులు! ఇప్పుడైతే ప్రతి కచేరీలోనూ జనాన్ని స్టేజీ మీదికి లాక్కొచ్చి వాళ్ల మధ్య గెంతుతుంటారు. 2015 ఆల్బమ్‌లో ఆ డాన్సు పిచ్చి కాస్త ముదిరి పాటలు సాగాయి, అదొక్కటి నాకు ఎక్కలేదు.

కోవిడ్ వల్ల మళ్లీ అమెరికా వెళ్లి రికార్డు చేద్దామన్న ఆలోచన పోయింది. దాంతో గ్లాస్గోలో తాము సాధన చేసుకునే గదినే స్టూడియోగా మార్చేసుకున్నారు. 2000 తర్వాత సొంత ఊళ్లో పూర్తి ఆల్బమ్ చేయడం అదే మొదలు. 2022 మేలో ఎ బిట్ ఆఫ్ ప్రీవియస్ వచ్చింది, ఎనిమిది నెలలు తిరిగేసరికి 2023 జనవరిలో లేట్ డెవలపర్స్ వచ్చింది. ఒకే విడతలో రెండు ఆల్బమ్‌ల పాటలు, 1996లో లాగే కొద్ది నెలల తేడాతో.