సవరణ: జూలియన్ బాండ్‌ సభ్యత్వం గురించి

అమెరికాలోని జార్జియా రాష్ట్ర ప్రతినిధుల సభ, నల్లజాతి పౌరహక్కుల నేత జూలియన్ బాండ్‌ను 1966లో బహిష్కరించిందని మొన్నటి పోస్టులో ఉంది. దాన్ని ఇలా సరిచేసి చదువుకోండి: ఆయన్ని అసలు ప్రమాణమే చేయనివ్వలేదు.

1965లో అట్లాంటా నుంచి గెలిచాడు. వియత్నాం యుద్ధాన్ని ఖండిస్తూ తన విద్యార్థి ఉద్యమ సంఘం విడుదల చేసిన ప్రకటనను సమర్థించాడు. అంతే, 1966 జనవరి 10న మిగతావాళ్లందరి చేత ప్రమాణం చేయించిన క్లర్కు, ఈయన దగ్గరికొచ్చేసరికి ఆగిపోయాడు. ఆ రోజే 184–12 ఓట్లతో సీటు నిరాకరించారు. ఖాళీ అయిన సీటుకు ఉప ఎన్నిక పెడితే మళ్లీ ఆయనే గెలిచాడు! అయినా లోపలికి రానివ్వలేదు. చివరికి డిసెంబర్‌లో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా, అది వాక్‌స్వాతంత్ర్యాన్ని ఉల్లంఘించడమేనని తేల్చింది.

కాబట్టి సభ్యుడిగా ఆయన లెక్క 1967 జనవరి నుంచే మొదలవుతుంది. 1975 దాకా దిగువ సభలో, తర్వాత 1987 దాకా రాష్ట్ర సెనేట్‌లో ఉన్నాడు. 1968లో డెమొక్రాటిక్ పార్టీ మహాసభలో దేశ ఉపాధ్యక్ష పదవికి పేరు ప్రతిపాదిస్తే తనే తప్పుకున్నాడు. కనీస వయసు 35, ఆయనకప్పుడు 28. పాత పోస్టులో మిగతా వివరాలు అలాగే ఉంటాయి.