తోక మీద గాటు

లాబ్‌స్టర్ అంటే పీతలా డెక్కలుండే, పెద్ద రొయ్యలాంటి సముద్ర జీవి. గుడ్లతో ఉన్న ఆడ లాబ్‌స్టర్ బోనులో పడితే అమెరికాలోని మెయిన్ రాష్ట్ర మత్స్యకారులు దాన్ని అమ్ముకోరు. తోక రెక్కల్లో ఒకదానిపై వి ఆకారంలో చిన్న గాటు పెట్టి సముద్రంలోకి వదిలేస్తారు. ఏడాది తర్వాత అదే లాబ్‌స్టర్ వేరొకరి బోనులో పడవచ్చు. అప్పుడు పొట్ట కింద ఒక్క గుడ్డు లేకపోయినా, గాటు కనబడితే చాలు, అతనూ వదిలేయాల్సిందే. ఇది పిల్లల తల్లి, ముట్టుకోకు అని ఒక పడవవాడు ముక్కూ మొహం తెలియని ఇంకో పడవవాడికి రాసిన చీటీ అది. నడిసముద్రంలో చూసేవాళ్లెవరూ ఉండరు. అయినా దశాబ్దాలుగా ఆ చీటీకి విలువ ఉంది.

తల్లిని అంతగా కాపాడటానికి కారణముంది. లాబ్‌స్టర్ తొందరగా ఎదిగే జీవి కాదు. ఒళ్లు పెరుగుతుంది కానీ పెంకు పెరగదు. అందుకే పాము కుబుసం విడిచినట్టు పెంకు విడుస్తూ పోవాలి. మొదటి ఐదారేళ్లలోనే అది పాతికసార్ల దాకా జరుగుతుంది. లావుపాటి డెక్కలోని కండను సన్నటి కీళ్ల సందులోంచి బయటికి లాక్కోవడం చిన్న ప్రయాస కాదు. బయటపడ్డాక ఒళ్లంతా మెత్తగా ఉంటుంది కనుక రాళ్ల సందుల్లో దాక్కుంటుంది, విడిచిన పెంకునే తిని అందులోని సున్నాన్ని తిరిగి రాబట్టుకుంటుంది. ఆడది సాధారణంగా జతకట్టేది ఈ మెత్తటి రోజుల్లోనే. నెలల తర్వాత గుడ్లు పెట్టి, వాటిని తోక అడుగున అంటించుకుని మరో తొమ్మిది పది నెలలు మోస్తుంది. చిన్న తల్లికి గుడ్లు వేలల్లో ఉంటే పెద్ద తల్లికి లక్ష దాకా ఉంటాయి. పొదిగాక పైకి తేలిన పిల్లల్లో ఎక్కువ భాగం చేపల పాలే. మిగిలినవి పట్టుకోదగ్గ సైజుకు రావడానికి ఆరేడేళ్లు పడుతుంది. (లాబ్‌స్టర్‌కు ముసలితనం, చావు లేవని ఇంటర్నెట్‌లో ఒక కథ తిరుగుతుంటుంది. బాగా పెద్దవైన వాటిలో చాలావాటికి పెంకు విడిచే శ్రమే ప్రాణాంతకమవుతుంది.)

మెయిన్ నిబంధనలన్నీ ఈ లెక్క మీదే నడుస్తాయి. కంటి గుంట నుంచి వీపు పెంకు చివరిదాకా మూడుంపావు అంగుళాలు లేకపోతే వెనక్కి, 5 అంగుళాలు దాటినా వెనక్కే. పడవకు 800 బోనులకు మించకూడదు. బోనులో చిన్నవి తప్పించుకునే కంత ఉండాలి. వలలతో ఈడ్చడం, నీళ్లలో మునిగి పట్టడం నిషేధం. వీటికి తోడు ఎక్కడా రాయని రేవు కట్టుబాట్లున్నాయి. హద్దు దాటి వచ్చినవాడి బోయ్ (బోను ఎక్కడుందో చూపే తేలుడు గుర్తు) తాడుకు మొదట రెండు ముడులు వేసి హెచ్చరిస్తారు, వినకపోతే తాడు తెగుతుంది. చట్టం దీన్ని ఒప్పుకోదు, మేమూ మెచ్చుకోవడం లేదు. కానీ ఉమ్మడి వనరులను జనం తమంతట తామే కాపాడుకోగలరని చూపి 2009లో ఆర్థికశాస్త్ర నోబెల్ అందుకున్న ఎలినార్ ఆస్ట్రమ్ ఇచ్చిన ఉదాహరణల్లో ఈ వేట కూడా ఉంది.

అలాగని మెయిన్‌ను ఆకాశానికెత్తడం మా ఉద్దేశం కాదు. 2016లో అక్కడ 13 కోట్ల పౌండ్లకు పైగా లాబ్‌స్టర్లు ఒడ్డుకొచ్చాయి. 2024లో అది 9 కోట్లకు లోపే. లాబ్‌స్టర్ చలినీటి జీవి, ఆ జలాలేమో ప్రపంచ సగటును మించి వేడెక్కుతున్నాయి. దక్షిణాన, న్యూయార్క్ దగ్గరి లాంగ్ ఐలాండ్ జలసంధిలో 1999లో లాబ్‌స్టర్లు కుప్పలుగా చనిపోయాక ఆ వేట మళ్లీ కోలుకోలేదు. సర్వేల్లో పిల్ల లాబ్‌స్టర్లు మూడో వంతుకు పైగా తగ్గడం చూసి, అట్లాంటిక్ తీర రాష్ట్రాల మత్స్య కమిషన్ కనీస కొలతను అంగుళంలో పదహారో వంతు పెంచాలనుకుంది. కెనడా పడవలకు ఈ కొలత ఉండదు, నష్టపోయేది మేమేనని మత్స్యకారులు గట్టిగా అడ్డుపడ్డారు. 2025లో కమిషన్ వెనక్కి తగ్గింది. వాళ్ల టెన్షన్ అర్థం చేసుకోదగ్గదే, పడవల మీద అప్పులుంటాయి. అయినా గాటు పెట్టడం నేర్చిన చేతులే ఈసారి పొరపాటు చేశాయని మా అభిప్రాయం.

ఈ గొడవలో కనీసం మత్స్యకారుడి గొంతు వినిపించింది. అదే ఖండంలో, మధ్య అమెరికా తూర్పు తీరంలో, ఆ గొంతు చాలాకాలం ఎవరికీ వినిపించలేదు. హోండురాస్, నికరాగ్వాలలోని మిస్కిటో తెగవాళ్లు పట్టేది డెక్కల్లేని, పొడవాటి మీసాలున్న ముళ్ల లాబ్‌స్టర్‌ను. వారిలో ఎందరో బోనుతో కాక, గాలి సిలిండర్ వీపున కట్టుకుని మునిగి పడతారు. పైన చిన్న దోనెలో ఒక కుర్రాడు తెడ్డు వేస్తూ కనిపెట్టుకుని ఉంటాడు. ఒడ్డుకు దగ్గర్లో సరుకు తగ్గేకొద్దీ లోతు పెరిగింది. లోతు చూపే మీటరుండదు, శిక్షణ ఉండదు, రోజుకు ఎన్నోసార్లు దిగడం, గబగబా పైకి రావడం. రక్తంలో కరిగిన నత్రజని బుడగలై వెన్నుపామును దెబ్బతీస్తుంది. పాతికేళ్లకే కాళ్లు పడిపోయినవాళ్లు ఆ ఊళ్లలో ఉన్నారు. చికిత్సకు కావాల్సిన ప్రెషర్ చాంబర్ ఎక్కడో దూరాన ఉంటుంది.

ఇలా చనిపోయిన, అంగవైకల్యం పాలైన డైవర్లు, వారి కుటుంబాలు ఏళ్ల తరబడి పోరాడారు. 42 మంది డైవర్ల కేసులో తన బాధ్యతను హోండురాస్ ప్రభుత్వం ఒప్పుకుంది, ఆ ఒప్పందాన్ని 2021లో అమెరికా ఖండాల మానవ హక్కుల కోర్టు ఖరారు చేసింది. పరిహారం సరే, పడవ యజమానులపై నిఘా మాటేమిటి? డైవింగ్ వేటను మాన్పించాలని మధ్య అమెరికా దేశాలు 2009లోనే రాసుకున్నాయి. గడువులు వచ్చాయి, పోయాయి. నిషేధం ఒక్కటే పెట్టి ఊరుకుంటే డైవర్ల ఇళ్లలో పొయ్యి వెలగదు. బోనులు, పడవలు కొనుక్కోవడానికి వాళ్లకు అప్పు కాకుండా సాయం అందాలి. ఆ ఖర్చులో పెద్ద వాటా భరించాల్సింది ఆ సరుకు కొనుక్కుంటున్న సంపన్న దేశాలే, అందులో మొదటి పేరు అమెరికాది.

తన మెయిన్ తీరంలో మునిగి పట్టడాన్ని నిషేధించిన దేశమే, ఇంకో తీరంలో మునిగి పట్టిన సరుకును అడ్డు చెప్పకుండా దించుకుంటోంది. దీన్ని సరిచేయడానికి కొత్త సైన్సేమీ అక్కర్లేదు. అలా వచ్చే గడ్డకట్టిన లాబ్‌స్టర్ తోకల పెట్టెల మీద ఒక్కో తోక ఎన్ని ఔన్సులో ఇప్పటికే అచ్చు వేస్తున్నారు. దాని పక్కనే బోనుతో పట్టిందా, మనిషిని దించి పట్టిందా అన్నది కూడా రాయించాలి. రాయని పెట్టెను రేవులోనే ఆపాలి.