నైరా పడిపోయింది

మా అక్కకి నెలలు నిండకముందే మా బావ పాప పేరు కోసం ఎక్సెల్ షీట్ తెరిచాడు. రెండక్షరాలే ఉండాలి, అమెరికా వాళ్ళకి నోరు తిరగాలి (మా ఇంట్లో ఇంతవరకు ఒక్కరికీ పాస్‌పోర్ట్ లేదు, అది వేరే సంగతి), క్లాసులో ఇంకో పిల్లకి ఆ పేరు ఉండకూడదు. ఈ మూడోదే కష్టం. సాన్వీ, ఆద్యా, కియారా అని మా వనస్థలిపురం పార్కులో సాయంత్రం పూట గట్టిగా పిలిస్తే ఏ పేరుకైనా నలుగురు పిల్లలు, వాళ్ళ వెనక నలుగురు అమ్మమ్మలు తిరిగి చూస్తారు. పాపేమో అనూరాధ నాలుగో పాదంలో పుట్టింది, అక్షరం 'నే' వచ్చింది, నేతో నేహా తప్ప ఏముంది అని అక్క ఏడుపు మొహం పెడితే, నేకి నై కూడా చెల్లుతుందిలే అని ఎవరో అన్నారు, అంతే, ఆ రాత్రే బావ ఒక పేర్ల వెబ్‌సైట్‌లో పట్టుకొచ్చాడు. నైరా. భాష సంస్కృతం, అర్థం మెరిసేది, లక్కీ కలర్ తెలుపు.

మా నాన్న రిటైర్డ్ తెలుగు మాస్టారు. సంస్కృతం అన్న మాట దగ్గరే ఆయనకి అనుమానం వచ్చింది. అట్ట ఊడిన నిఘంటువు ఒళ్ళో పెట్టుకుని, కళ్ళజోడు పైకీ కిందకీ జరుపుకుంటూ నకారం మొత్తం గాలించి, "అల్లుడుగారూ, నైరాతో మొదలయ్యే మాట ఒక్కటే దొరికిందండీ, నైరాశ్యం" అన్నారు. "పక్కనే నైరృతి కూడా ఉంది, అది రాక్షసుల దిక్కు, మనకెందుకు." బావ ఏమాత్రం తగ్గలేదు, "మామయ్యగారూ, ఆ సైట్‌కి ఫైవ్ స్టార్ రేటింగ్ ఉందండీ" అన్నాడు.

అసలు సంగతి మా గల్లీ చివర టైలర్ ఖాలా దగ్గర తేలింది. బారసాల జాకెట్టు కొలతలకి అక్క వెళ్ళి పేరు చెప్పగానే ఆవిడ టేపు మెడలో వేసుకుని, "నయ్యరా? మాషాల్లా, రోష్నీ వాలీ బేటీ" అని మురిసిపోయింది. అరబీలో నయ్యిర్ అంటే వెలుగిచ్చేది, ఆడపిల్లకైతే నయ్యరా, ఉర్దూ ఇళ్ళల్లో పాత పేరే. పాకిస్తాన్‌లో గజళ్ళు పాడిన నయ్యరా నూర్ ఉండేదిగా, 1950లో మన గువాహటిలోనే పుట్టిందావిడ. అంటే సైట్ వాళ్ళు రాసిన అర్థం కరెక్టే, భాష పేరే తప్పు. ఈ పేర్ల సైట్లన్నీ ఇంతేనండీ, పలకడానికి మెత్తగా ఉంటే చాలు సంస్కృతం అని స్టాంపు గుద్దేస్తారు, అర్థం దగ్గర మెరుపనో లక్ష్మీదేవికి ఇంకో పేరనో పెట్టేస్తారు. మైరా అన్న పేరు ఇంగ్లండ్‌లో ఫుల్క్ గ్రెవిల్ అనే కవి 400 ఏళ్ళ కిందట తన పద్యాల కోసం అల్లుకున్నది, దాన్నీ వదల్లేదు.

బావ మాత్రం పట్టు వదలకుండా ఇంకో అర్థం తవ్వుకొచ్చాడు. బొలీవియా, పెరూ దేశాల్లో టిటికాకా సరస్సు చుట్టూ ఉండేవాళ్ళు మాట్లాడే ఐమారా భాషలో నయ్‌రా అంటే కన్ను, గడిచిపోయిన కాలాన్ని కూడా అదే మాటతో చెప్తారు, జరిగిపోయింది కళ్ళముందే కనిపిస్తుంది కాబట్టి. నాన్నకి ఇది మహా నచ్చేసింది, మనం ఇంతకు ముందు అంటామే, అదీ అదే లెక్క కదా అని ఆ రోజంతా వచ్చిన పాలబ్బాయికీ పేపరబ్బాయికీ పాఠం చెప్పారు. ఇంట్లో శాంతి కుదిరింది, కార్డులు ప్రింటింగ్‌కి వెళ్ళాయి.

బారసాల రోజు పంతులుగారు బియ్యం పళ్ళెం ముందు కూర్చుని బంగారు ఉంగరం చేతిలోకి తీసుకున్నాక, ఆడపిల్ల పేరుకి బేసి అక్షరాలు ఉండాలని గృహ్యసూత్రాల్లో ఉంది నాయనా, ఇది రెండేగా అన్నారు. పైగా మనుస్మృతిలో విస్పష్టార్థం అన్నారు, అంటే పేరు వినగానే అర్థం తెలిసిపోవాలట. మా వాళ్ళందరూ బావ వైపు చూస్తే బావ ఫోన్ వైపు చూశాడు. చివరికి పంతులుగారే దయతలచి, "పోనీ శ్రీ తగిలించండి, నైరాశ్రీ, మూడక్షరాలూ సరిపోతాయి" అన్నారు. "కొంచెం నోరు జారిందంటే నైరాశ్యమేనండీ" అని నాన్న గొణిగారు. అక్క ఒక్క చూపు చూసింది, బియ్యంలో రెండక్షరాలే రాశారు.

అప్పుడు లేచారు మా పైఫ్లోర్ అంకుల్. లాగోస్‌లో చాలా ఏళ్ళు మందుల కంపెనీలో పనిచేసి వచ్చినాయన. పేరు వినగానే పకపకా నవ్వుతూ పైకెళ్ళి ఒక నోటు పట్టుకొచ్చి పాప గుప్పిట్లో పెట్టారు. నలిగి మెత్తబడిపోయిన 100 నైరాల నోటు, మీద గుండ్రటి కళ్ళజోడు, టోపీ పెట్టుకున్న పెద్దాయన. "అమ్మాయ్, మీ పాపకి అసలు నామకరణం చేసింది ఈయనే, ఒబాఫెమి అవొలొవో" అన్నారు. నైజీరియాలో 1973 జనవరి 1న పౌండ్లు తీసేసి నైరాలు తెచ్చారు, దేశం పేరునే కత్తిరించి ఆ మాట తయారుచేసింది అంతకుముందు ఆర్థికశాఖ చూసిన ఈ అవొలొవోగారేనని చెప్తారు. మొదట్లో ఒక్క నైరా ఇస్తే డాలర్ కంటే ఎక్కువే వచ్చేదట, ఇప్పుడు డాలర్‌కి వెయ్యి నైరాల పైమాటే, 2023 జూన్‌లో అక్కడి కేంద్ర బ్యాంకు రేటుకి కట్టిన తాడు వదిలేసి, ఎంత పలకాలో మార్కెట్‌కే ఒప్పజెప్పాక మరీ జారిపోయింది. మా బాబాయ్ ఊరుకుంటాడా, "ఆ నోటు మారిస్తే మనకెంతొస్తుందండీ" అని అడిగాడు. పది రూపాయలు కూడా రావని తెలిసి ఖమ్మం నించి వచ్చిన వియ్యపురాలి మొహం అదోలా అయిపోయింది. అంకుల్ ఇంకా ఆగకుండా నైరాకి 100 కోబోలు, రెండో పాప పుడితే పేరు రెడీగా ఉంది అన్నారు, అక్క భోజనాల దగ్గర ఆయనకి రెండోసారి పులిహోర వడ్డించలేదు.

ఆ రాత్రే నాన్న నైరా గురించి ఫోన్‌లో అదేపనిగా వెతికారు. ఇక ఆ ఫోన్ ఈయనెవరో పెద్ద విదేశీ మారకం వ్యాపారి అనుకుందో ఏమో, రోజూ పొద్దున్నే టింగుమని వార్తలు పంపడం మొదలెట్టింది. వచ్చిన ఇంగ్లీషు హెడ్డింగుని వచ్చినట్టు చదవరు, మాస్టారు కదా, తెలుగు చేసి ఇంటిల్లిపాదికీ వినపడేలా చదువుతారు. పాపకి నాలుగో నెల నడుస్తుండగా ఒకరోజు హాల్లోంచి, "ఏమేవ్, నైరా పడిందే!" అన్నారు.

వంటింట్లో అమ్మకి కుక్కర్ విజిల్ మధ్యలో అదే వినపడింది. పాప బోర్లా పడిందనుకుంది. బోర్లా పడితే బొబ్బట్లు, పాకితే పాయసం, అడుగులేస్తే అరిసెలు, అదంతా అమ్మకి కంఠతా. స్టవ్ కట్టేసి పాప దగ్గరికి పరిగెత్తొచ్చు కదా, అబ్బే, ముందు ఖమ్మం ఫోన్ కొట్టింది, "వదినగారూ, మన పిల్ల బోర్లా పడిందండీ!" రెండు నిమిషాల్లో శనగపప్పు నానేసింది, బెల్లం తురమమని నన్ను కూర్చోబెట్టింది. ఈలోగా ఖమ్మం ఫ్యామిలీ గ్రూపులో దండాలు, పూలు, మా మనవరాలు ఫాస్ట్ అనే మెసేజ్‌లు వచ్చేశాయి, బావ ఆఫీసు మీటింగ్‌లోంచి లేచొచ్చి వీడియో పెట్టమని అక్కకి ఫోన్ చేశాడు. అక్క తల స్నానం చేసి బయటికొచ్చి ఏ వీడియో అంది. పాపేమో మంచం మీద వెల్లకిలా పడుకుని, కాలి బొటనవేలు నోట్లో పెట్టుకుని ఫ్యాన్ చూస్తోంది.

ఖమ్మం నించి వీడియో కాల్ వచ్చింది. పడిన పిల్ల మళ్ళీ పడకపోదు కదా అని వియ్యపురాలు ఫోన్‌లో కూర్చుంది. పక్కన గిలక్కాయ ఊపాం, నాన్న చప్పట్లు కొట్టారు, పైఫ్లోర్ అంకుల్ కూడా వచ్చి నిలబడ్డారు, పిల్ల అరచెయ్యంత కూడా కదల్లేదు. "ఎంత పడింది అన్నయ్యగారూ" అని ఆవిడ అడిగితే, నాన్న అలవాటులో "ఒకటిన్నర శాతం అండీ" అనేశారు. ఆ తర్వాత ఆవిడకి విషయం విడమర్చి చెప్పే పని నా మీద పెట్టి అందరూ బొబ్బట్ల దగ్గరికి వెళ్ళిపోయారు. నెయ్యి మాత్రం బాగా పట్టాయి.

అమ్మ ఆ రోజునించి ఇంట్లో ఆర్డర్ వేసింది, ఆ దిక్కుమాలిన డబ్బు సంగతి వంటింటి దాకా రాకూడదని. నాన్న కొన్నాళ్ళు నోరు మూసుకున్నారు, మళ్ళీ మొదలెట్టారు, అమ్మ వినడం మానేసింది. మొన్న ఆదివారం అక్క గదిలోంచి కేక, "అమ్మా, నైరా పడిందే, త్వరగా రా!"

అమ్మ పోపులో ఇంగువ వేస్తూ తలైనా తిప్పలేదు. "పడితే పడనీ, ఆ దేశం బ్యాంకోళ్ళు చూసుకుంటారులే" అంది.