కప్పు కొట్టారు, క్లబ్బు మూసేశారు: శాన్ ఫ్రాన్సిస్కో డెల్టాస్‌కు ఏమైంది?

శాన్ ఫ్రాన్సిస్కో డెల్టాస్ అనే ఫుట్‌బాల్ క్లబ్బు తన మొట్టమొదటి సీజన్‌లోనే ఎన్ఏఎస్ఎల్ అనే అమెరికా లీగ్‌లో ఛాంపియన్ అయింది. 2017 నవంబర్ 12న కెజార్ స్టేడియంలో జరిగిన ఫైనల్‌లో న్యూయార్క్ కాస్మోస్‌ను 2-0తో ఓడించింది. కాస్మోస్ అంటే ఒకప్పుడు పెలే ఆడిన క్లబ్బు పేరు. ఆ పేరుతో మళ్లీ పుట్టిన జట్టు అప్పటికే ఈ లీగ్‌లో మూడు కప్పులు గెలిచి ఉంది. అలాంటి జట్టు మీద టామీ హైన్‌మన్ పెనాల్టీని గోల్ చేసి ఆధిక్యం ఇచ్చాడు, ఆట ముగిసే వేళకు డెవాన్ శాండోవల్ రెండో గోల్ కొట్టి ఖాయం చేశాడు. అంతే, ఆ తర్వాత డెల్టాస్ ఇంకో మ్యాచ్ ఆడలేదు. క్లబ్బు మూతపడింది.

ఈ కథ ఎప్పుడు మాటల్లోకి వచ్చినా "అమెరికాలో సాకర్‌ను ఎవడు చూస్తాడు, జనం రాలేదు, పోయింది" అని ఒక్క ముక్కలో తేల్చేస్తుంటారు. జనం రాలేదన్నది నిజమే. పది వేల మంది పట్టే మైదానానికి సీజన్ పొడవునా సగటున మూడు వేల దరిదాపుల్లోనే వచ్చారు. కానీ అదే మైదానానికి ఫైనల్ రోజున 9,691 మంది వచ్చారు. అంటే ఆ ఊళ్లో ఫుట్‌బాల్ చూసేవాళ్లు లేరని కాదు. వాళ్లకు ఈ క్లబ్బు అలవాటయ్యేంత టైమ్ ఎవరూ ఇవ్వలేదు. నా వాదన అదే. ఒక క్లబ్బు బతుకుతుందో లేదో ఒక్క సీజన్‌లో తేల్చాలనుకోవడమే అసలు తప్పు, ఆ తప్పులో యజమానులకూ భాగం ఉంది, అమెరికా ఫుట్‌బాల్ వ్యవస్థకూ భాగం ఉంది.

మొదట యజమానుల సంగతి. క్లబ్బును పెట్టిన బ్రయాన్ హెల్మిక్ టెక్ రంగం నుంచి వచ్చినవాడు. డబ్బు పెట్టినవాళ్లలోనూ సిలికాన్ వ్యాలీ జనమే ఎక్కువ. బే ఏరియాలో ఉంటున్న మన తెలుగువాళ్లకు ఈ తరహా ఆలోచన గురించి ప్రత్యేకంగా చెప్పక్కర్లేదు. స్టార్టప్ పెడతారు, కొన్ని నెలలకు సరిపడా డబ్బు పట్టుకుని దిగుతారు, యూజర్లు పెరిగితే ఇంకో రౌండ్, పెరగకపోతే మూసేసి ఇంకో పని చూసుకుంటారు. యాప్‌కైతే ఇది నడుస్తుంది, మూతపడిన యాప్ కోసం ఎవరూ బెంగ పెట్టుకోరు. ఫుట్‌బాల్ క్లబ్బు అలా కాదు. నాన్న పిల్లాణ్ని తీసుకెళ్లాలి, ఆ పిల్లాడు పెద్దయ్యాక స్నేహితులతో వెళ్లాలి, మధ్యలో నాలుగైదు సీజన్లు చెత్తగా ఆడినా తిట్టుకుంటూనే మళ్లీ వెళ్లాలి. హెల్మిక్ నిజాయితీపరుడనే నా నమ్మకం, సీజన్ సగంలో ఉండగానే పరిస్థితి బాగాలేదని, జనం పెరగకపోతే నడపలేమని అభిమానులకు దాచకుండా చెప్పాడు. దాచి జీతాలు ఎగ్గొట్టే యజమానుల కంటే వెయ్యి రెట్లు నయం. కానీ పుట్టి కొన్ని నెలలైనా కాని క్లబ్బు గురించి ఆ మాట విన్నాక వచ్చే ఏడాదికి సీజన్ టికెట్ కొనే ధైర్యం ఎవరికుంటుంది?

కెజార్ గురించి కూడా చెప్పాలి. గోల్డెన్ గేట్ పార్కు మూలన ఉంటుంది. 1920ల నాటి పాత స్టేడియంలో 1970 దాకా అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు ఫోర్టీనైనర్స్ ఆడేవాళ్లు. తర్వాత దాన్ని పడగొట్టి చిన్నది కట్టారు. మైదానం చుట్టూ రన్నింగ్ ట్రాక్ ఉంటుంది కాబట్టి ప్రేక్షకుడికీ ఆటగాడికీ మధ్య ఎడం ఎక్కువ, బెంచీల మీద పైకప్పు లేదు, జులైలో కూడా సాయంత్రమయ్యేసరికి పొగమంచుతో పాటు చలిగాలి కొడుతుంది, చుట్టుపక్కల కారు పెట్టుకోవడానికి చోటు దొరకదు. ఫ్రీమాంట్ నుంచో సన్నీవేల్ నుంచో పిల్లల్ని ఎక్కించుకుని రావాలంటే వారాంతంలో సగం రోజు దానికే పోతుంది, పైగా వాళ్లకు దగ్గర్లోనే శాన్ హోసేలో ఫస్ట్ డివిజన్ జట్టు, 2015లో కట్టిన కొత్త స్టేడియం ఉన్నాయి. ఇన్ని ఇబ్బందుల మధ్య మొదటి ఏడాదే మూడు వేల మంది రావడం వైఫల్యమని నేను అనుకోను.

ఇక వ్యవస్థ. డెల్టాస్ ఆడిన ఎన్ఏఎస్ఎల్ అప్పటికి సెకండ్ డివిజన్ లీగ్. యూరప్‌లో అయితే సెకండ్ డివిజన్ గెలిచిన జట్టు మామూలుగా ఫస్ట్ డివిజన్‌కు వెళ్తుంది, టీవీ డబ్బులొస్తాయి, ఊరంతా పండగ. అమెరికాలో ప్రమోషన్ లేదు. పై లీగ్ ఎంఎల్ఎస్‌లోకి వెళ్లాలంటే గెలిస్తే సరిపోదు, కొనుక్కోవాలి. 2017లో కొత్త జట్లకు ఆ లీగ్ చెప్పిన ప్రవేశ రుసుము 15 కోట్ల డాలర్లు. అంటే డెల్టాస్ కోచ్ మార్క్ డోస్ శాంటోస్ ఎంత బాగా కోచింగ్ ఇచ్చినా, కుర్రాళ్లు ఎంత ప్రాణం పెట్టి ఆడినా, చివరికి దక్కేది కప్పు మాత్రమే. పెట్టుబడి పెట్టినవాడికి "ఇంకో రెండేళ్లు ఓపిక పట్టు, పైకి వెళ్తాం" అని చెప్పడానికి ఏమీ లేదు.

పైగా ఉన్న లీగే కూలిపోతోంది. 2016 సీజన్ అయ్యేసరికి ఒట్టావా, టాంపా బే జట్లు యూఎస్ఎల్ అనే పక్క లీగ్‌కు వెళ్లిపోయాయి, మిన్నెసోటా ఎంఎల్ఎస్‌కు వెళ్లింది. స్పెయిన్ క్లబ్బు రాయో వయ్యకానో పెట్టిన ఓక్లహోమా జట్టు కూడా ఒక్క సీజన్‌తోనే పోయింది. అక్కడైతే భాగస్వామి ఒకరు మైదానంలో పరిచిన టర్ఫ్‌లో సగం చుట్టుకుని పట్టుకెళ్లాడు. సెకండ్ డివిజన్ హోదాకు 12 జట్లు ఉండాలన్నది అమెరికా సాకర్ ఫెడరేషన్ నియమం, 2017లో మిగిలింది ఎనిమిది. ఆ ఏడాదికి ఎలాగో తాత్కాలిక అనుమతి ఇచ్చి, సెప్టెంబర్‌లో వచ్చే ఏడాదికి హోదా ఇవ్వం పొమ్మన్నారు. లీగ్ కోర్టుకెళ్లింది. డెల్టాస్ కుర్రాళ్లు ప్లే ఆఫ్స్‌కు సిద్ధమవుతున్నది సరిగ్గా అప్పుడే. వచ్చే ఏడాది లీగే ఉంటుందో లేదో తెలియని టెన్షన్‌లో ఆడి కప్పు గెలిచిన ఆ జట్టు మీద నాకు గౌరవం పెరుగుతుందే తప్ప తగ్గదు.

నియమాలే తప్పని నేను అనను. డబ్బులేని యజమానులు క్లబ్బులు పెట్టి ఆటగాళ్లను రోడ్డున పడేయకూడదనే అవి పెట్టారు. కానీ ఆ నియమాలు చూసేది యజమాని ఆస్తిని, జట్ల సంఖ్యను, స్టేడియం సైజును. క్లబ్బు పోతే అభిమానుల చేతిలో ఏం మిగులుతుందన్నది ఎక్కడా అడగరు. ఇంగ్లండ్‌లో వింబుల్డన్ క్లబ్బును వేరే ఊరికి తరలిస్తే అభిమానులు 2002లో సొంతంగా ఏఎఫ్‌సీ వింబుల్డన్ పెట్టుకుని కింది నుంచి ఒక్కో మెట్టూ ఎక్కి వచ్చారు, ఎక్కడానికి అక్కడ మెట్లున్నాయి కాబట్టి. అంత దూరం ఎందుకు, అదే కెజార్‌లో ఆడిన శాన్ ఫ్రాన్సిస్కో సిటీ ఎఫ్‌సీలో 51 శాతం వాటా అభిమానులదే. చిన్న క్లబ్బు, జీతాలిచ్చే స్థాయి కాదు, అయినా డెల్టాస్ పోయాక కూడా ఆడుతూనే ఉంది. బే అవతల ఓక్లండ్ రూట్స్ 2018లో పుట్టింది, కింది లీగ్‌లో మొదలుపెట్టి నిదానంగా పైకొచ్చింది, 2023లో జనానికి వాటాలు అమ్మింది, 2025లో ఓక్లండ్‌లోని పెద్ద స్టేడియం కొలీజియంలో ఆడిన మొదటి మ్యాచ్‌కు పాతిక వేల మందికి పైగా వచ్చారు. అదే బే ఏరియా, అదే స్థాయి ఫుట్‌బాల్.

ఈ కథ నన్ను ఇంతగా పట్టుకోవడానికి కారణం హైదరాబాద్. మనది కింది డివిజన్ కాదు, ఏకంగా దేశంలో పై లీగ్ ఐఎస్ఎల్. 2022 మార్చి 20న గోవాలోని ఫతోర్డాలో గోల్‌కీపర్ కట్టిమణి పెనాల్టీలు ఆపుతుంటే హైదరాబాద్ ఎఫ్‌సీ కేరళ బ్లాస్టర్స్‌ను ఓడించి కప్పు ఎత్తింది. రెండేళ్లు తిరక్కుండానే జీతాల గొడవలు, విదేశీ ఆటగాళ్లు వెళ్లిపోవడం, పట్టికలో అట్టడుగు. 2025లో ఆ క్లబ్బు పేరు మార్చుకుని ఢిల్లీకి వెళ్లిపోయింది. 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదు సార్లు రోవర్స్ కప్ అనే పేరున్న టోర్నీ గెలిచిన సిటీ పోలీస్ జట్టు ఉన్న ఊరు ఇది, ఆ జట్టు కోచ్ రహీం సాబ్ ఊరు. గచ్చిబౌలిలో గొంతు చించుకున్నవాళ్లలో క్లబ్బులో వాటా ఉన్నవాడు ఒక్కడూ లేడు కాబట్టి, ఢిల్లీ వెళ్దామా అని వాళ్లను ఎవరూ అడగలేదు.

ఎన్ఏఎస్ఎల్ మళ్లీ ఆడలేదు. 2018 సీజన్ రద్దయింది. జాక్సన్‌విల్, మయామి ఇంకా కింది లీగ్‌కు వెళ్లాయి, ఇండియానాపోలిస్, నార్త్ కరోలినా జట్లు పక్క లీగ్‌లో చేరాయి. ఫెడరేషన్ మీద, ఎంఎల్ఎస్ మీద వేసిన కేసు మాత్రం ఏళ్ల తరబడి సాగి, 2025 ఫిబ్రవరిలో బ్రూక్లిన్ జ్యూరీ తీర్పుతో ఓడిపోయింది. డోస్ శాంటోస్ తర్వాత ఎంఎల్ఎస్‌లో వాంకూవర్‌కు హెడ్ కోచ్ అయ్యాడు. అతను పై లీగ్‌కు వెళ్లగలిగాడు, అతను గెలిపించిన క్లబ్బుకే దారి లేకపోయింది.